కరెంటు పోని వీధి

ఆ వీధిలో ఆమెను అందరూ గుడ్లక్క అంటారు. పెరట్లో రేకుల షెడ్డు వేసి, అందులో కోడిగుడ్లు పొదిగించి పిల్లల్ని అమ్ముతుంది. పరీక్షల రోజుల్లో బడిపిల్లలు ఆమె గేటు ముందు ఆగి "గుడ్ లక్ అక్కా" అని అరిచి మరీ పోతారు. మొదట్లో చిరాకు పడేది. ఇప్పుడు లోపలినుంచే "మీక్కూడా" అంటుంది.

ఆ మధ్యాహ్నం ఆమె, భర్త కలిసి గుడ్లను మొదటి మిషనులోంచి రెండో మిషనులోకి మారుస్తున్నారు. పొదుగు ఆఖరి రోజులకొచ్చిన గుడ్లవి. ఒక్కో గుడ్డునూ తీసి, అట్టపెట్టెలో అమర్చిన బల్బు దగ్గర పెట్టి చూస్తుంది ఆమె. నిండుగా నల్లగా కనబడి పైన గోరంత ఖాళీ ఉంటే లోపల పిల్ల ఉన్నట్టు. వెలుగు పచ్చగా అవతలికి పారితే అది వట్టి గుడ్డు. మంచివాటిని భర్త అందుకుని ప్లాస్టిక్ ట్రేలో పక్కపక్కనే పడుకోబెడుతున్నాడు. వాళ్ళకి మాటలతో పని లేదు. ఆమె చెయ్యి చాపితే ఆయన చెయ్యి అక్కడ ఉంటుంది.

ట్రే సగం నిండేసరికి బల్బు ఆరిపోయింది. మిషన్లలో ఫ్యాన్ల హోరు సన్నగిల్లి ఆగిపోయింది.

"పోయింది," అన్నాడు భర్త.

ఆమె అప్పటికే లేచింది. మొదటి మిషను తలుపు బిగించి, పక్కన మడిచిపెట్టి ఉన్న దుప్పట్లు దాని మీద కప్పింది. అందులో మిగిలినవి లేత గుడ్లు, వాటికి వెచ్చదనం పోకూడదు. రెండో మిషను తలుపులు మాత్రం బార్లా తెరిచింది. అందులో పిల్లలు పెంకు లోపలే ఊపిరి తీస్తుంటాయి. గాలి ఆడకపోతే తమ వేడికి తామే ఉడికిపోతాయి. ఒక మిషనుకి దుప్పటి కప్పి, పక్కదానికి విసురుతూ కూర్చుంటే చూసేవాళ్ళకి ఈ ఇంట్లో అందరికీ మతి పోయిందా అనిపిస్తుంది. భర్త ఒక అట్టముక్క తీసుకుని విసరడం మొదలుపెట్టాడు. మూలన జనరేటరు ఉంది గానీ దాని జోలికి ఎవరూ పోలేదు. దాన్ని లేపడానికి పట్టే ఓపికతో గుడ్లను ఒళ్ళో పెట్టుకుని పొదగొచ్చని ఆయన అంటుంటాడు.

ఆమె ఫోను తీసి తమ్ముడికి చేసింది. తమ్ముడు కరెంటు కంపెనీలో లైన్‌మన్. ఆ చుట్టుపక్కల వీధుల తీగలన్నీ చూసేది అతనే.

"తమ్ముడూ," అంది, అంతే.

"వస్తున్నానక్కా," అన్నాడు అతను.

గేటు దగ్గరికి అప్పుడే నలుగురు చేరారు. పళ్ళ డాక్టరు చేతికి తొడుగులతోనే వచ్చాడు. లోపల కుర్చీలో ఎవరో నోరు తెరుచుకుని కూర్చుని ఉన్నారట, పన్ను సగం తొలిచి ఉందట. ప్రింటింగ్ ప్రెస్సాయన మసి చేతులు లుంగీకి తుడుచుకుంటూ వచ్చాడు. అందరూ అడిగేది ఒకటే మాట, తమ్ముడికి చెప్పావా అని. చెప్పాననగానే ఎవరి దారిన వాళ్ళు వెనక్కి పోయారు. కంపెనీ ఫిర్యాదుల నంబరు ప్రతి స్తంభానికీ పెద్ద అక్షరాలతో అంటించి ఉంది. దాని వైపు ఎవరూ కన్నెత్తి చూడరు. ఆ నంబరుకి చేస్తే కరెంటు పోయినట్టు కంపెనీలో నమోదవుతుంది. నమోదైతే తమ్ముడి సెక్షన్‌కి మచ్చ పడుతుంది, పై ఆఫీసరు అతన్ని పిలిచి కడిగేస్తాడు. ఈ సంగతి తమ్ముడు అక్కకి చెప్పాడు. అక్క వీధికి చెప్పింది. వీధి సంతోషంగా ఒప్పుకుంది. నంబరుకి చేస్తే ఎప్పుడొస్తారో దేవుడికే తెలియాలి, తమ్ముడైతే టీ చల్లారేలోపు వస్తాడు.

వచ్చాడు. బండి ఆపి, గుడ్లక్క షెడ్డు గోడకి ఆనించి ఉన్న నిచ్చెన భుజాన వేసుకున్నాడు. అది కంపెనీ నిచ్చెనే. ప్రతిసారీ ఆఫీసు నుంచి మోసుకురావడం దండగని అక్కడే పెట్టేశాడు. వీధి చివర ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర సప్లై ఆపి, చేతులకి తొడుగులు వేసుకుని, కాలిపోయిన ఫ్యూజు తీగ పీకి కొత్తది చుట్టాడు. షెడ్డులో ఫ్యాన్లు మూలిగి, మళ్ళీ అందుకున్నాయి. పళ్ళ డాక్టరు ఇంట్లోంచి యంత్రం కీచుమనడం వినబడింది.

తమ్ముడు లోపలికొచ్చి చేతులు కడుక్కుని, చెంబెడు నీళ్ళు నిలబడే తాగాడు. తీగలు పాతబడిపోయాయని, ఎండ ముదిరితే సాగి ఒకదానికొకటి తగులుకుంటున్నాయని, ఎన్నిసార్లని అతుకులు వెయ్యాలని అన్నాడు. పైవాళ్ళకి చెప్పి మార్పించరాదా అని బావ అడిగాడు.

"చెప్తే ఎప్పుడెప్పుడు పోయిందో చూపించమంటారు బావా," అని నవ్వాడు తమ్ముడు. "ఎక్కడని చూపించను?"

నవ్వుతూనే బండెక్కాడు. ఎక్కబోయే ముందు, ఎవరూ నంబరుకి చెయ్యలేదుగా అని అడిగాడు. లేదంది అక్క.

ఆ సాయంత్రమే మాస్టారు వచ్చారు. బడిలో పాఠాలు చెప్పి రిటైరైన మనిషి, ఇప్పుడు వీధి సంఘానికి పెద్ద. కరెంటు కంపెనీ రేట్లు పెంచమని అడిగిందని, పెంచాలో వద్దో తేల్చే కమిషన్ వాళ్ళు ఊళ్ళోకి వచ్చి అందరి ముందు విచారణ జరుపుతున్నారని, ఎవరైనా వెళ్ళి మాట్లాడొచ్చని చెప్పారు. కరెంటు సరిగా ఇవ్వనివాళ్ళకి రేటు ఎందుకు పెంచాలన్నది ఆయన వాదన. గుడ్లక్క వచ్చి నాలుగు మాటలు చెప్పాలన్నారు. క్రితం నెల తమ్ముడు వేరే పేటలో పనిమీద ఉన్న రోజున కరెంటు పోతే, అప్పుడూ ఎవరూ నంబరుకి చెయ్యలేదు, ఒక మిషను గుడ్లన్నీ పోయాయి. పెంకు లోపలే చచ్చిన పిల్లల్ని బక్కెట్లకెత్తి పెరట్లో గొయ్యి తీసి పూడ్చారు. ఆ గొయ్యి తవ్వడానికి సాయం పట్టినవాళ్ళలో మాస్టారూ ఉన్నారు.

"నువ్వు చెబితే వింటారమ్మా. మేం చెప్తే చీకట్లో కూర్చున్నాం అంటాం, అంతేగా."

వస్తానంది. ఆ క్షణాన ఆమెకి పూడ్చిన గుడ్లు తప్ప ఇంకేం గుర్తు రాలేదు.

*

మర్నాడు ఆమె పెరట్లో ట్రేలు కడుగుతుంటే తమ్ముడు వచ్చాడు. డ్యూటీ బట్టల్లో లేడు. అక్క చేతిలోంచి బ్రష్ తీసుకుని తనూ ఒక ట్రే రుద్దడం మొదలుపెట్టాడు. చిన్నప్పటినుంచీ అంతే, ఏదన్నా అడగాలంటే ముందు ఏదో ఒక పనిలో చెయ్యి పెడతాడు. ఆమె అడగలేదు. ట్రేల బొక్కల్లో ఎండిన పెంకు ముక్కల్ని పుల్లతో గీకుతూ కూర్చుంది.

"మాస్టారు నీ పేరు ఇచ్చారంట," అన్నాడు చివరికి.

"ఇచ్చారు."

"వెళ్ళకక్కా."

ఆ తర్వాత అంతా తలెత్తకుండానే చెప్పాడు. కంపెనీ ఉత్తినే రేట్లు పెంచమనడం లేదట. కరెంటు పోవడం బాగా తగ్గించామని, అందుకు బహుమానంగా ఇంకాస్త పెంచుకోనివ్వమని అడుగుతోందట. ఆ అర్జీలో అందరికంటే బాగా పనిచేసిందని చూపించింది తమ్ముడి సెక్షన్‌నే. ఏడాది పొడుగునా ఆ వీధుల్లో కరెంటు పోయింది లేదని ఉందట. ఆఫీసరుకి పైనుంచి మెచ్చుకోలు వచ్చింది. ఆ ఊపులో ఆయన తమ్ముణ్ణి పర్మనెంటు చెయ్యమని పైకి పంపాడు. ఇన్నేళ్ళూ కాంట్రాక్టు మీదే స్తంభాలెక్కిన మనిషికి ఇప్పుడు ఆ కబురు రావాలి.

"నువ్వు లేచి కరెంటు పోతుందని చెప్తే, ఇన్నాళ్ళూ ఎవరు దాచారంటారు. పైవాళ్ళకి బలి ఇవ్వడానికి ఎవడో ఒకడు కావాలి. చేతికి అందేది నేనే."

ఆమె పుల్ల పక్కన పెట్టింది. ఏడాది పొడుగునా పోయింది లేదా అని అడిగింది. లేదని ఉంది, అన్నాడు. ఆమెకి ఒక్కసారిగా నవ్వొచ్చింది, వెంటనే ఆ నవ్వు ఎటో పోయింది. గుడ్లు పూడ్చిన చోట మట్టి ఇంకా రంగు మారలేదు.

"నేనేం మాట్లాడనులే," అంది.

తమ్ముడు మిగిలిన ట్రేలు కూడా కడిగి, ఎండకి వరసగా నిలబెట్టి వెళ్ళాడు. ఆమె మాస్టారి ఇంటికి వెళ్ళి, విచారణకి వస్తాను గానీ నోరు విప్పలేనని చెప్పింది. కారణం చెప్పలేదు. మాస్టారు కూడా అడగలేదు. ఆ వీధిలో ఆయనకి తెలియని కారణం కాదది. నలుగురు కనబడినా చాలమ్మా, వచ్చి కూర్చో అన్నారు. ఇచ్చిన మాటలో సగమైనా నిలబెట్టుకున్నట్టు ఉంటుందని ఆమె వెళ్ళింది.

*

హాలు చల్లగా, స్వెట్టర్లు వేసుకోవాల్సినంత చల్లగా ఉంది. మెత్తటి కుర్చీలు. వేదిక మీద తెల్లగుడ్డ కప్పిన బల్ల వెనక ముగ్గురు కూర్చున్నారు. మధ్యలో ఉన్నావిడ అధ్యక్షురాలు, వయసు మళ్ళిన మనిషి, కళ్ళజోడు ముక్కు చివరికి జార్చుకుని చూస్తోంది. కింద ఒక పక్క కంపెనీ లాయరు. లాయరంటే గద్దిస్తూ మాట్లాడేవాడనుకుంది గుడ్లక్క. ఈయన గొంతు పక్కింటాయన చక్కెర అడగడానికి వచ్చినట్టుంది.

సగం కుర్చీల్లో కంపెనీ మనుషులే. హాలు నిండుగా కనబడాలని వ్యాన్లలో తెచ్చి కూర్చోబెట్టారు. నాలుగో వరసలో తమ్ముడున్నాడు. ఆమెని చూశాడు. రావద్దన్నా వచ్చావా అన్నట్టు ఒక్క చూపు చూసి ముందుకి తిరిగిపోయాడు. ఆ తర్వాత ఆమెకి అతని మెడ వెనకభాగమే కనబడింది. కొత్తగా జుట్టు కత్తిరించుకున్నాడు. ఎండకి మాడిన చర్మానికి పైన లేతగా ఒక చార.

ఒక్కొక్కరే లేచి మాట్లాడారు. ప్రతివాళ్ళూ పెంచొద్దనే చెప్పారు, కొందరు కోపంగా, కొందరు బతిమాలుతూ. లాయరు అందర్నీ ఓపిగ్గా విన్నాడు. మాస్టారి వంతు వచ్చింది. బడిలో నిలబడినట్టే చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డారు. మా వీధిలో వారానికి రెండు మూడుసార్లు కరెంటు పోతుందని చెప్పారు.

ఎప్పుడెప్పుడు పోయిందో చెప్పగలరా అని లాయరు మర్యాదగా అడిగాడు. అలా గుర్తుపెట్టుకోలేదండీ అన్నారు మాస్టారు. పోనీ ఎన్నిసార్లు ఫిర్యాదు చేశారో చెప్పండి అన్నాడు లాయరు.

మాస్టారు గుడ్లక్క కూర్చున్న వైపు ఒకసారి చూశారు.

"చెయ్యలేదండీ."

"ఒక్కసారి కూడానా?"

"చెయ్యలేదు."

పళ్ళ డాక్టరు లేచాడు. ఆయన్నీ అదే అడిగారు, ఆయనా అదే చెప్పి కూర్చున్నాడు. ప్రెస్సాయనా అంతే. కుర్చీల్లో ఎక్కడో చిన్న నవ్వు పుట్టి అటూ ఇటూ పాకింది. కరెంటు పోయినా ఫోను చెయ్యని వీధి కూడా ఉంటుందా అని ఎవరో అన్నారు. మాస్టారి చెవులు ఎర్రబడ్డాయి. బడిలో అబద్ధమాడిన పిల్లల్ని గోడకి నిలబెట్టిన మనిషి, ఇప్పుడు ఊరందరి ముందు అబద్ధాలకోరులా కూర్చున్నారు. ఒక్క మాట చెబితే బయటపడేవారు. చెప్పలేదు. ఆమె మొహం చూసి చెప్పలేదు. వీధి మొత్తం ఆమె కోసం తలవంచుకుని కూర్చుంది.

లాయరు ఇంకొక మాట ఉందన్నాడు. ఇదే వీధిలో కోడిపిల్లల్ని పొదిగించే హేచరీ ఒకటుందని, కరెంటు లేకుండా అది బతకలేదని, అలాంటిది ఏళ్ళ తరబడి నడవడమే కాక మొన్నామధ్య రెండో మిషను కూడా పెట్టిందని చెప్పాడు. "వీళ్ళు చెప్పినట్టు కరెంటు పోతూ ఉంటే ఆ వ్యాపారం ఎలా నిలబడిందండీ? ఆవిడ ఇక్కడే ఉన్నారని విన్నాను. ఆవిడ మాత్రం మాట్లాడతానని పేరు ఇచ్చి, వెనక్కి తీసుకున్నారు."

అధ్యక్షురాలు కళ్ళజోడు పైకి తోసుకుంది. ఎవరమ్మా అని అడిగింది.

గుడ్లక్క లేచింది. ముందు కుర్చీ వీపు పట్టుకుంది. కూర్చునే చెప్పమంది ఆవిడ. ఆమెకి అది వినబడలేదు.

"మీ దగ్గర కరెంటు పోతుందా?"

నాలుగో వరసలో మెడ కదల్లేదు. లేదండీ అంటే చాలు. అందరూ భోజనానికి లేస్తారు, తమ్ముడికి కబురొస్తుంది, వీధి మళ్ళీ ఆమె గేటు దగ్గరికి వస్తుంది. వీధివాళ్ళు ఏమీ అనరు కూడా. వాళ్ళు ఏమీ అనరన్న సంగతే ఆమెని ఆ మాట అననివ్వలేదు.

"పోతుందండీ," అంది.

మరి ఫిర్యాదు ఎందుకు చెయ్యలేదని లాయరు అడిగాడు.

"నేను చెయ్యలేదు. వీధివాళ్ళని కూడా చెయ్యనివ్వలేదు. వద్దని అందరికీ చెప్పింది నేనే. నంబరుకి చేస్తే లైన్‌మన్‌కి మాట వస్తుంది. లైన్‌మన్ మా తమ్ముడు."

నవ్వులు ఆగిపోయాయి. అధ్యక్షురాలు పెన్ను కింద పెట్టింది. అంటే పోయినప్పుడల్లా ఆయనే వచ్చి బాగుచేస్తున్నారా అని అడిగింది. అవునండీ, పిలిస్తే చాలు, వానలో కూడా వస్తాడు అంది గుడ్లక్క.

"మరి అవన్నీ లెక్కలోకి రావా?"

"రావండీ. లెక్కలోకి రాకూడదనే వాడు పరిగెత్తుకొస్తాడు."

వేదిక మీద ముగ్గురూ ఒకరి చెవిలో ఒకరు ఏదో చెప్పుకున్నారు. అధ్యక్షురాలు మళ్ళీ ఆమె వైపు తిరిగి, కరెంటు పోయినప్పుడల్లా మీకెంత నష్టం వస్తుందో సుమారుగా చెప్పగలరా అని అడిగింది. గుడ్లక్క ఆలోచించింది. దుప్పట్లు కప్పడం, తలుపులు తీయడం, భర్త భుజాలు పట్టేసేదాకా విసరడం, ఆ రాత్రి ఆయనకి తైలం రాయడం, ఎక్కడికీ కదలకుండా ఇద్దరిలో ఒకరు ఎప్పుడూ ఇంటిని కాచుకుని ఉండడం, ఇవన్నీ గుర్తొచ్చాయి. వీటిని ఎటునుంచి చెప్పాలో తెలియలేదు.

"గుడ్లు పోయిన రోజుదైతే చెప్పగలనండీ. పోకుండా కాపాడుకున్న రోజుదే ఎలా చెప్పాలో తెలీదు."

ఆవిడ ఆ మాట రాసుకుంది. లాయరు అడిగేదేమీ లేదన్నాడు. గుడ్లక్క కూర్చుంది. భోజనానికి వదిలినప్పుడు నాలుగో వరసలో ఆ కుర్చీ ఖాళీగా ఉంది.

*

సాయంత్రం మరదలు ఫోను చేసింది. అరవలేదు, ఏడవలేదు. ఆయన మీద విచారణ వేశారు, అది తేలేదాకా పనిలోకి రావద్దన్నారు, అని చెప్పింది. కంపెనీకి తెలియకుండా లైను మీద పనిచేశాడన్నది నేరమట.

"మీరు మంచిపనే చేశారు వదినా," అంది. "కాకపోతే మా ఇంటి మీద పెట్టి చేశారు."

గుడ్లక్క ఫోను చెవి దగ్గరే ఉంచుకుని నిలబడింది. అవతల ఎప్పుడో పెట్టేశారు.

రెండ్రోజులకి కంపెనీ వ్యాను వచ్చింది. ఇద్దరు దిగి, షెడ్డు గోడకున్న నిచ్చెన ఎత్తుకుపోయారు. ఎంతకాలంగా ఉంది ఇక్కడ అని అడిగారు గానీ జవాబు కోసం ఆగలేదు. గోడమీద నిచ్చెన ఆనిన చోట సున్నం అరిగిపోయి రెండు గీతలు పడి ఉన్నాయి.

వీధి ఆమెతో ఎప్పుడూ లేనంత మర్యాదగా ఉంది. ప్రెస్సాయన దారిలో కనబడి, ధైర్యం చేశావమ్మా అన్నాడు. మాస్టారు వచ్చి, తమ్ముడి తరఫున కమిషన్‌కి రాస్తానన్నారు. రాయండి అంది. పేపర్లో చిన్న వార్త వచ్చింది. రేట్ల సంగతి తర్వాత చెబుతారట. బహుమానం అడిగిన భాగాన్ని మాత్రం మళ్ళీ చూడాలని పక్కన పెట్టారట. ఎలాగూ రేటు పెరుగుతుంది, కొంచెమా ఎక్కువా అన్నదే తేడా అని భర్త పేపరు మడిచి పెట్టాడు. బావమరిది ఊసు ఆయన ఎత్తలేదు. నువ్వు చెప్పకుండా ఉండాల్సింది అని గానీ, చెప్పి మంచిపని చేశావని గానీ అనలేదు. రెండూ అనకపోవడం ఆమెకి ఒక రకంగా కష్టంగానే ఉంది.

తమ్ముడు ఒకసారి వచ్చాడు. గేటు లోపలికి రాలేదు. ఆమె ఎదురెళ్ళింది. మరదలు చెప్పిందంతా నిజమేనా అని అడగబోయి, తిన్నావా అని అడిగింది. తిన్నానన్నాడు.

"నిన్ను అబద్ధం చెప్పమని నేననలేదక్కా," అన్నాడు గేటు గొళ్ళెం కదుపుతూ. "రావద్దన్నాను. అంతేగా అడిగింది."

గొళ్ళెం వదిలేసి వెళ్ళిపోయాడు.

*

ఆ వారం ఇంకో విడత గుడ్లు చిట్లే రోజు వచ్చింది. పొద్దున్నించీ రెండో మిషనులోంచి సన్నగా కిచకిచలు మొదలయ్యాయి. కొన్ని పిల్లలు బయటపడి, తడిసిన నూలుముక్కల్లా ట్రేలో దొర్లుతున్నాయి. కొన్ని పెంకుకి చిన్న బెజ్జం చేసి, ముక్కు బయటపెట్టి అలసిపోయి ఆగాయి. వాటికి సాయం చెయ్యకూడదు. ఎవరైనా పెంకు ఒలిస్తే రక్తం కారి చచ్చిపోతాయి. చూస్తూ ఊరుకోవడమే ఆ రోజు పని. భర్త అంతకు ముందే బయటపడిన పిల్లల్ని అట్టపెట్టెల్లో సర్దుకుని, వాటిని ఇచ్చి రావడానికి వ్యాను వేసుకుని వెళ్ళాడు.

ఎండ నడినెత్తికి వచ్చిన వేళ ఫ్యాన్లు ఆగిపోయాయి.

ఆమె మొదటి మిషనుకి దుప్పట్లు కప్పి, రెండోదాని తలుపులు తెరిచి, అట్టముక్క అందుకుంది. గేటు దగ్గర పళ్ళ డాక్టరు గొంతు వినబడింది. తమ్ముడికి చెప్పావా అనబోయి సగంలో మింగేశాడు. నంబరుకి చెయ్యండి అని ఆమె లోపలినుంచి చెప్పింది. తను కూడా ఒక చేత్తో విసురుతూ ఇంకో చేత్తో నంబరు కొట్టింది. అవతల ఒక అమ్మాయి పేరడిగింది, మీటరు నంబరడిగింది, దగ్గర్లో గుర్తుగా ఏముందని అడిగింది. మనుషులు బయల్దేరుతారని చెప్పింది. ఎంతసేపట్లో అంటే, బయల్దేరుతారండీ అని మళ్ళీ చెప్పింది.

ఒక చెయ్యి సరిపోదు. పై ట్రేకి విసిరితే కింది ట్రేలో పిల్లలు నోళ్ళు తెరిచి రొప్పుతున్నాయి. మెడలు చాచి తలుపు వైపుకి వస్తున్నాయి. ఆమె మోకాళ్ళ మీద కూర్చుని కింది ట్రే బయటికి లాగింది. పెంకులో ముక్కు పెట్టి ఆగిన వాటిలో కొన్ని కదలడం మానేశాయి.

వెనకాల ఎవరో వచ్చి ఆమె చేతిలోంచి అట్ట తీసుకున్నారు. తమ్ముడు. అతని ఇల్లు వెనక వీధిలో. అక్కడా కరెంటు పోయి ఉంటుంది. చొక్కా చేతులు పైకి మడుచుకుని పై ట్రేకి విసరడం మొదలుపెట్టాడు. ఆమె ఇంకో అట్టముక్క చింపుకుని కింది ట్రేకి విసిరింది. ఇద్దరి చేతులూ ఒక లయలో పడ్డాయి.

"రెండో స్తంభం దగ్గర తీగ ఊడి వేలాడుతోంది," అన్నాడు. "వస్తూ చూశాను. చిన్న పని."

"ఊఁ."

"నిచ్చెన ప్రెస్సాయన దగ్గర దొరుకుతుంది. ఎక్కమంటే ఎక్కుతా."

ఆమె కింది ట్రేలోంచి కదలని పిల్ల ఒకదాన్ని తీసి, అరచేతిలో తిప్పి చూసి, పక్కన బక్కెట్లో పెట్టింది. తెరిచి ఉన్న తలుపులోంచి ఆ స్తంభం కనబడుతూనే ఉంది. ఎక్కమంటే ఎక్కేవాడే. ఎక్కితే మిగతావి బతికేవి.

"విసురు," అంది.

అతను విసిరాడు. చెమట గడ్డం మీదినుంచి చుక్కలుగా పడింది. ఆమె ఇంకొకటి బక్కెట్లో పెట్టింది, ఇంకొకటి. ఏడవలేదు గానీ, ఏడుపు వచ్చినప్పుడు చేసినట్టు ముక్కు ఎగబీల్చింది. అతను లేచి, చెంబుతో నీళ్ళు తెచ్చి ఆమె పక్కన పెట్టి, మళ్ళీ వచ్చి కూర్చున్నాడు.

ఎంతో సేపటికి కంపెనీ బండి వచ్చింది. అందులోంచి దిగిన ఇద్దరికీ వీధి కొత్త. ట్రాన్స్‌ఫార్మర్ దగ్గరికి పోయి తలెత్తి చూశారు, వెనక్కొచ్చి మొదటి స్తంభం చుట్టూ తిరిగారు. ప్రెస్సాయన ఏదో చెప్పబోతే మాకు తెలుసులెండి అన్నారు. చివరికి వాళ్ళలో పెద్దవాడు ఫోను చేత్తో పట్టుకుని, ఫిర్యాదు ఇచ్చిన ఇల్లు వెతుక్కుంటూ షెడ్డు గుమ్మం దగ్గరికి వచ్చాడు.

"ఎక్కడ పోయిందో చూశారా ఎవరైనా?"

"రెండో స్తంభం," అన్నాడు తమ్ముడు, విసరడం ఆపకుండా. "జంక్షన్ వైపు తీగ."

అతను ఫోనులో ఏదో కొట్టాడు. లోపలి బక్కెట్టు చూసి, చూపు పక్కకి తిప్పుకున్నాడు. తర్వాత, అడగాల్సిన ప్రశ్న కాబట్టి అడిగినట్టు అడిగాడు.

"ఇదివరకు ఎప్పుడన్నా పోయిందా ఇలా? ఇక్కడ ఏమీ లేదని చూపిస్తోంది."

గుడ్లక్క తలెత్తలేదు. ఆమె చెప్పాల్సింది చెప్పేసింది. తమ్ముడు అట్టముక్క అక్క చేతికిచ్చి, లేచి గుమ్మంలోకి వెళ్ళాడు.

"పోతూనే ఉంటుంది," అన్నాడు. "రాసుకోండి."

"మీకెలా తెలుసు?"

"ఇన్నాళ్ళూ తీగ కలిపింది నేనే. అది కూడా రాసుకోండి."

అతను ఒక క్షణం తమ్ముడి మొహంలోకి చూశాడు. ఆ తర్వాత గుమ్మానికి ఆనుకుని నిలబడి, ఒక్కో అక్షరమే వెతుక్కుంటూ, రాసుకోవడం మొదలుపెట్టాడు. తమ్ముడు స్పెల్లింగు సరిచూస్తున్నవాడిలా అతని భుజం మీదుగా చూశాడు. రాయడం అయ్యేదాకా ఉండి, లోపలికి వచ్చి, అక్క పక్కన మోకాళ్ళ మీద కూర్చుని, పై ట్రే వైపు చెయ్యి చాపాడు.